ఎనభై ఏడో పేజీకి తప్పొప్పుల చీటీ

ముప్పై ఎనిమిదేళ్లకే రిటైరయ్యానంటే మా వాళ్లు నవ్వుతారు. కానీ ఆ పనికి సంబంధించినంతవరకు నేను రిటైరైనట్టే. పన్నెండేళ్లు ఆధునిక చిత్రకళ మీద వచ్చే పుస్తకాలకు రాశాను. ఇప్పుడు కరీంనగర్‌లో ఇళ్ల ప్లాన్లు గీస్తున్నాను. గోడ ఎక్కడ గీస్తే అక్కడే లేస్తుంది. దానివల్ల ఎవరి బతుకూ తారుమారు కాదు.

పోయిన నెల ఫైన్ ఆర్ట్స్ చదువు ముగించిన ఇద్దరు నా దగ్గరికి వచ్చారు. క్యూరేటర్‌గా పుస్తకాలకు రాయాలంటే ఏం నేర్చుకోవాలని అడిగారు. టీ తాగించి, ఏవో నాలుగు మాటలు చెప్పి పంపించాను. చెప్పాల్సింది చెప్పలేదు. అది ఇక్కడ రాస్తున్నాను. మనుషుల పేర్లు, పేజీ నంబరు మార్చాను. ఊరి పేరు రాయలేదు. కొలతలు మాత్రం మార్చలేదు. కొలతలు ఎవరినీ పట్టివ్వవు.

రెండు వరుసల పని

నాది పాలిటెక్నిక్‌లో సివిల్ డిప్లొమా. బొమ్మలు వేయడం రాదు. హైదరాబాద్‌లో ఒక గ్యాలరీ వాళ్లు ఉత్తర తెలంగాణ చిత్రకారుల మీద పుస్తకాలు వేయాలనుకున్నారు. ఊరూరా తిరిగి బొమ్మలు కొలిచి జాబితా రాసే మనిషి కావాలన్నారు. కొలవడం నాకు వచ్చు. అలా చేరాను. క్యూరేటర్ అనే మాట నా పేరు పక్కకు ఎప్పుడు చేరిందో ఇక్కడ అనవసరం.

పుస్తకంలో పాఠకుడు బొమ్మను చూస్తాడు. దాని కింద చిన్న అక్షరాల్లో ఉన్న రెండు వరుసలను చూడడు. మన పని ఆ రెండు వరుసలే. వేసినవారి పేరు, బొమ్మ పేరు, దేని మీద దేనితో వేశారు, ఎత్తు, వెడల్పు, సంతకం ఎక్కడుంది, ఇప్పుడు ఎవరి దగ్గరుంది. ఆ పైన, చిత్రకారుడి జీవితం గురించి ఒక పేరా. వీటన్నిటికీ పద్నాలుగు గడుల ఫారం ఒకటి తయారుచేసుకున్నాను. మొదటి గడి పేరు. రెండో గడి ఇతర పేర్లు. చాలామంది మరో పేరుతో సంతకం చేస్తారు కాబట్టి ఆ గడి పెట్టాను. ఫారం బాగుందని గ్యాలరీలో అందరూ దాన్నే వాడేవారు. నేనూ గర్వపడేవాణ్ణి.

పండుకున్న మగ్గం

నా మొదటి తప్పు చిన్నది. కొలతల్లో ఎత్తు ముందు రాయాలి, వెడల్పు తర్వాత. సిరిసిల్లలో మరమగ్గం మీద పనిచేసే ఒకాయన నిలువు బొమ్మ వేశారు. పైనుంచి కిందికి దారాలు, వాటి వెనక మగ్గం. నేను అంకెలు అటూఇటూ రాశాను. పేజీలు కూర్చినవాళ్లు అంకెలను నమ్మి బొమ్మను అడ్డంగా తిప్పేశారు. పుస్తకం తీసుకుని నేనే ఆయన ఇంటికి వెళ్లాను. ఆయన పేజీని ఒకసారి అటు తిప్పి, ఒకసారి ఇటు తిప్పి చూశారు.

"ఇదేంది సారు, నా మగ్గాన్ని పండవెట్టిండ్లు?"

అంకెలు అటూఇటూ రాశానని చెప్పాను.

"పోనియ్యి. పన్నెండు గంటలు నిలవడే ఉంటది. జర పండనియ్యి."

లోపలి నుంచి ఆయన భార్య, "మగ్గం పండుకున్నది, నువ్వెప్పుడు పండుకుంటవో" అన్నారు.

ఆ తర్వాత ప్రతి ఫొటో వెనక పైవైపుకు బాణం గుర్తు వేయడం మొదలుపెట్టాను. అలాంటి తప్పు మళ్లీ జరగలేదు. తప్పులంటే అవేననుకున్నాను, ఒక బాణం గుర్తుతో సరయ్యేవి.

మేడమ్

ఆ పుస్తకాలకు సంపాదకురాలిని అందరం మేడమ్ అనేవాళ్లం. నా మొదటి జాబితా చూసి ఆమె అన్న మాట ఇది: "నువ్వు బొమ్మను కొలిచావు. చూశావా?"

నేను సగం బొమ్మలకు 'శీర్షిక లేదు' అని రాసేవాణ్ణి. వేసినవాళ్లను అడిగితే పేరేం లేదనేవారు. "ఇంట్లో దాన్ని ఏమని పిలుస్తారో అడుగు" అన్నారు మేడమ్. నిర్మల్‌లో కొయ్యబొమ్మలకు రంగులు వేసే ఒకాయన ఇంట్లో ఆ మాట అడిగాను. తలుపు వైపు వీపు పెట్టి కూర్చున్న ముసలామె బొమ్మ అది. "అవ్వ అలిగిన రోజు అంటం" అన్నారు. అప్పటిదాకా అది నా జాబితాలో శీర్షిక లేని బొమ్మ.

చూడటం నాకు నేర్పింది ఆమే. ఆమె లోపం కూడా చెప్పాలి. చదవడానికి బాగుండే విషయం దొరికితే ఆమె వదలలేరు. నా లోపం ఇంకొకటి. ఒక విషయం నిజమైతే చాలు, దాన్ని రాయడానికి ఎవరినీ అడగనక్కర్లేదనుకునేవాణ్ణి. ఈ రెండు లోపాలూ ఒకే పేరాలో కలిశాయి.

ల్యాంపు చూపినంత

గోదావరి దాటాక వచ్చే బొగ్గు గనుల ఊళ్లలో ఒకదానిలో, కంపెనీ క్వార్టర్‌లో ఓదెలు కాక ఉండేవారు. గని లోపల పైకప్పు కూలకుండా దుంగలు నిలబెట్టే పని ఆయనది. డ్యూటీ లేనప్పుడు హార్డుబోర్డు మీద ఎనామెల్ రంగులతో బొమ్మలు వేసేవారు. అవి మంచం కింద, బీరువా వెనక ఉండేవి. మొత్తం ఇరవై మూడు.

ఒక్కొక్కటీ తీసి గోడకు ఆనించాను. అన్నీ నల్లగా ఉన్నాయి. నలుపులో ఒకచోట వెలుగు. ఆ వెలుగులో ఒక చెయ్యి, లేదా దుంగ చివర, సగం ముఖం, టిఫిన్ డబ్బా మూత.

"మిగతాదంతా నల్లగా వదిలేశారేం కాకా?"

"ఇడిసిపెట్టలే సారు. లోపట ల్యాంపు ఎంత చూపితే గంతనే కనవడ్తది. మిగిలింది లేదనుకుంటున్నవా? ఇటు రా."

బొమ్మను గుమ్మం దగ్గరికి తీసుకెళ్లి కొంచెం వంచారు. ఏటవాలు వెలుతురులో నలుపు కింద గీతలు ఉబ్బుగా కనిపించాయి. మనుషులు, బొగ్గు నింపే టబ్బు, తాడు, ఒకరి భుజం మీద ఇంకొకరి చెయ్యి. ముందు అంతా రంగుల్లో వేసి, ఆరాక దాని మీద నలుపు పూసేవారట.

"కనవడకున్నా ఉండాలె గదా" అన్నారు.

ఆయన భార్య లక్ష్మి చిన్నమ్మ చాటలో బియ్యం ఏరుతూ అందుకున్నారు. "మంచిగ రంగులేస్తడు, మల్ల మసి పూస్తడు. గా నలుపేదో ముందుగాలనే కొట్టరాదు?"

"నీకు తెల్వదు తియ్యి."

"నాకెందుకు తెల్వది? ముప్పయ్యేండ్ల సంది గా నల్లబట్టలు ఉతుకుతున్నది నేనే."

ప్రతి బొమ్మలోనూ కుడివైపు కింది మూలలో తెల్లరంగుతో ఓదెలు అని సంతకం. నలుపు అంటకుండా ఉన్నది ఆ వెలుగూ, ఆ సంతకమూ మాత్రమే.

రెండో గడి

గోడ మీద ఫ్రేము కట్టిన ప్రశంసాపత్రం ఉంది. దాని మీద పేరు రాజయ్య.

"రాజయ్య ఎవరు కాకా?"

"నేనే."

"మరి ఓదెలు?"

"గది గూడ నేనే."

నవ్వి చెప్పారు. ఆయనది పెద్దపల్లి వైపు నేతపని కుటుంబం. రాజయ్య ఆయన పెదనాన్న కొడుకు. గనిలో ఉద్యోగం వచ్చింది రాజయ్యకు.

"ఒక్కనాడు దిగిండు. పైకొచ్చినంక గా బట్టల మీదనే బస్సెక్కి భీవండి పోయిండు, మగ్గాల మీద పనికి. ఉద్యోగం ఉత్తగ పోతదని మా పెద్దబాపు నన్ను తోలిండు. మరునాడు హాజరుల రాజయ్య అంటే నేను పలికిన. ఇప్పటిదాక పలుకుతున్న."

"అసలు రాజయ్య?"

"భీవండిలనే సచ్చిపోయిండు. పెండ్లి గూడ కాలే." ప్రశంసాపత్రం వైపు చూస్తూ అన్నారు: "రేషన్ కార్డుల, పిల్ల సర్టిఫికెట్లల్ల, అంతట రాజయ్యనే. నా పేరు గీ బొమ్మల మీదనే ఉన్నది సారు."

ఆ రోజుల్లో గనుల్లో అలా ఇంకొకరి పేరుతో చేరినవాళ్లున్నారు. ఆ ఊళ్లలో దాన్ని మారుపేరు అంటారు. అందరికీ తెలుసు, ఎవరూ కాగితం మీద పెట్టరు. నేను కరీంనగర్‌వాణ్ణి, ఆ మాట నాకు కొత్త కాదు. అయినా ఫారం తీసి రెండో గడిలో రాశాను. ఇతర పేర్లు: రాజయ్య.

గడి ఖాళీగా ఉంటే నాకు తోచదు. అంతకంటే పెద్ద కారణం లేదు.

ఫారం చూసి మేడమ్ ఫోన్ చేశారు. రాజయ్య ఎవరని అడిగారు. చెప్పాను. తర్వాత, "అదే రాయి. నాలుగు వాక్యాలు. ఒక్క విశేషణం కూడా వాడకు" అన్నారు. రాశాను. చీకట్లో అరువు పేరుతో పనిచేసే మనిషి తన సొంత పేరును బొమ్మల మూలల్లో దాచుకోవడం గురించి. నేను రాసినవాటిలో ఆ నాలుగు వాక్యాలే ఉత్తమమైనవి. ఇప్పటికీ అదే అంటాను.

చదవని పేరా

పుస్తకం అచ్చుకు వెళ్లేముందు రాసిందంతా చిత్రకారుడికి చదివి వినిపించాలని మా నియమం. వెళ్లేసరికి కాక ఇంట్లోనే ఉన్నారు. ఊపిరి అందడం లేదు. మెడికల్ బోర్డు అన్‌ఫిట్ చేసింది. ఆయన స్థానంలో కూతురు స్వరూప ఉద్యోగానికి దరఖాస్తు పెట్టింది. ఆమె డిగ్రీ చదివింది. "పైననే ఇస్తరట అన్నా, లోపటికి దింపరట" అని నవ్వుతూ చెప్పింది.

ఇరవై మూడు బొమ్మల వివరాలూ చదివాను. కాక శ్రద్ధగా విన్నారు. రెండింటిలో ఎనామెల్‌తో పాటు సున్నం కూడా కలిపానని చెప్పారు. దిద్దుకున్నాను. చివరికి ఆ పేరా వచ్చింది.

"ఇది మీ గురించి కాకా. మీరు చెప్పిందే. అన్నీ నిజాలే" అన్నాను, పేజీ తిప్పుతూ.

"నిజమైతే ఇగ సదువుడెందుకు" అన్నారు.

పేజీ తిప్పేశాను. మీరిద్దరూ ఈ వ్యాసంలో ఒక్క చోటే గీత గీసుకోవాలనుకుంటే ఇక్కడ గీసుకోండి. సున్నం గురించి అడిగాను. పేరు గురించి అడగలేదు. కూతురి దరఖాస్తు సంగతి అంతకు పది నిమిషాల ముందే విన్నాను. ఆ రెండూ ఒకే ఇంట్లో, ఒకే పేరు మీద నిలిచిన విషయాలని నాకు తట్టలేదు.

ఉత్తరం

పుస్తకం కరీంనగర్‌లోనే ఆవిష్కరించారు. ఒక పత్రిక తన జిల్లా పేజీలో ఎనభై ఏడో పేజీ బొమ్మనూ, దాని కింద నా నాలుగు వాక్యాలనూ వేసింది. రెండు వారాల్లో ఎవరో గని కంపెనీకి ఆకాశరామన్న ఉత్తరం రాశారు. ఆ పత్రిక ముక్కను జతచేశారు. రాసింది ఎవరో ఇప్పటికీ తెలియదు. తెలిసినా చేసేదేమీ లేదు, అందులో ప్రతి మాటా నాదే.

స్వరూప ఫైలు ఆగిపోయింది. కాకను విచారణకు పిలిచారు. నాకూ కంపెనీ నుంచి ఒక రిజిస్టర్డ్ ఉత్తరం వచ్చింది. ఎనభై ఏడో పేజీలో రాసినదానికి ఆధారమేమిటో తెలియజేయాలని.

మేడమ్‌కు ఫోన్ చేశాను.

"నిజమని రాస్తే ఆ అమ్మాయి ఉద్యోగం పోతుంది" అన్నాను.

"అబద్ధమని రాస్తే?"

"పుస్తకంలో ప్రతి పేరా మీదా అనుమానం వస్తుంది. ఇక నేను రాసేది ఎవరూ నమ్మరు."

"ఆ రెంటిలో ఏది మోయగలవో చూసుకో" అన్నారు. ఫోన్ పెట్టేముందు, "రాయమన్నది నేను. ఏం రాసినా కింద నా పేరు కూడా పెట్టు" అన్నారు. పై అధికారుల్లో ఆ మాట అన్న ఇంకో మనిషిని నేను చూడలేదు.

మర్నాడు ఉదయం కాక ఇంటికి వెళ్లాను. స్వరూప గుమ్మంలో నిలబడింది.

"ఇంకేమన్న మిగిలిందా అన్నా రాసుకునేది? మా అవ్వ పేరు రాసుకోలే గద. గది గూడ రాసుకో" అంది తల్లి వైపు చూపిస్తూ.

"లోపటికి రానియ్యే వానిని" అన్నారు లక్ష్మి చిన్నమ్మ. ఆమె చిక్కుడుకాయల ఈనెలు తీస్తున్నారు. తల ఎత్తలేదు.

కాక మంచం మీద దిండుకు ఆనుకుని ఉన్నారు. నేను ఏదో అనబోయాను. చెయ్యి ఎత్తి ఆపారు.

"పరేషాన్ గాకు సారు. నేను సోంచాయించిన. బొమ్మలు ఓదెలువి. ఓదెలు నాకు చిన్నబాపు కొడుకు. భీవండిల సచ్చిపోయిండు. వాని బొమ్మలు నా ఇంట్ల దాసిపెట్టిన. నువ్వు ఇద్దరిని కలిపి ఒక్కనిగ రాసినవు. గంతే."

"మరి ఈ బొమ్మలు కాకా..."

"ఇగ నాయి గావు." దగ్గు వచ్చింది. తగ్గాక అన్నారు: "ముప్పయ్యేండ్లు వాని పేరు మీద బతికిన. ఇప్పుడు నా పేరు వానికిస్తున్న. ఊర్ల చెప్పి పంపిన, అందరు ఒక్క మాట మీదుంటరు."

"సచ్చినోని పేరు పెట్టుకొని బతికితివి. ఇప్పుడు నీ పేరు సచ్చినోనికి పెడ్తివి" అన్నారు చిన్నమ్మ. "ఏం పనులో ఏమో ఇవి."

స్వరూప గుమ్మంలోనే ఉంది. "బాపు, వద్దు. నాకు ఉద్యోగం వద్దు" అంది.

"నువ్వు ఊకో." కాక నా వైపు తిరిగారు. "సచ్చిపోయిండని సాఫ్‌గ రాయాలె సారు. ఉన్నడన్నట్టు రాస్తే మల్ల ఏడున్నడని అడుగుతరు."

చీటీ

నా జవాబులో ఒక్క వాక్యమే రాశాను. ఇద్దరు వ్యక్తుల వివరాలను పొరపాటున కలిపి రాశానని. కింద నా సంతకం, మేడమ్ సంతకం.

అది చాలదన్నారు. పుస్తకంలోనూ దిద్దాలన్నారు. మన పుస్తకాల్లో అచ్చుతప్పులకు మొదటి పేజీ ముందు ఒక చీటీ అంటించడం మామూలే. ఎడమవైపు తప్పు, కుడివైపు ఒప్పు. ఈ చీటీ ఎత్తు ఆరు సెంటీమీటర్లు, వెడల్పు పన్నెండు.

పేజీ 87. తప్పు: గనిలో రాజయ్య పేరుతో పనిచేసిన ఓదెలు. ఒప్పు: కీర్తిశేషులు ఓదెలు.

మిగిలిన ప్రతులన్నిటికీ నేనే కూర్చుని అంటించాను. తప్పు అన్నచోట ఉన్నది నిజం. ఒప్పు అన్నచోట ఉన్నది అబద్ధం. అంటించే ప్రతిసారీ చదివాను. చదవకుండా అంటించడం నాకు రాదు.

విచారణ ముగిశాక కాకను కలిశాను. అధికారి మంచిగానే మాట్లాడారట. చివర్లో ఒక తెల్లకాగితం, పెన్సిల్ ముందుకు జరిపి, గనిలో పెట్టే దుంగ బొమ్మ గీయమన్నారట.

"ఏం చేశారు కాకా?"

"చిన్నపిల్లగాండ్లు గీసినట్టు గీసిన." ఆయన తన కుడిచేతిని చూసుకున్నారు. "గంత కష్టపడి ఎన్నడు గీయలే."

స్వరూపకు ఉద్యోగం వచ్చింది. గని దగ్గర ల్యాంపు రూములో, దిగేవాళ్లకు నంబరు చూసి ల్యాంపులిచ్చే పని. నాతో మాట్లాడటం మానేసింది. ఇరవై మూడు బొమ్మలూ మళ్లీ మంచం కిందికి చేరాయి. ఒక ప్రదర్శనకు వాటిని అడిగారు. 'కీర్తిశేషులు ఓదెలు' అని పెడతామన్నారు. బతికున్న మనిషి తన బొమ్మల ముందు చూడటానికి వచ్చినవాడిలా నిలబడాలి. కాక వద్దన్నారు.

ఆ తర్వాత నేను ఒకే ఒక్క పుస్తకానికి రాశాను. ప్రతి పేరు దగ్గరా చెయ్యి ఆగేది. ఎవరి ఇంట్లో ఏది ఆగిపోతుందోనని. పన్నెండు మంది చిత్రకారుల గురించి రాయడానికి పదిహేను నెలలు పట్టింది. ఆ పుస్తకంలో తప్పులేవీ లేవు. అందులో మనుషులు కూడా లేరు. మేడమ్ దాన్ని చదివి అచ్చుకు పంపారు. అప్పుడు మానేశాను.

ఇరవై నాలుగో బొమ్మ

కాక పోయారని పత్రికలో చూసి తెలుసుకున్నాను. ఫొటో ఆయనదే. కింద పేరు రాజయ్య. దినకర్మ అయిన కొన్నాళ్లకు స్వరూప ఫోన్ చేసింది.

"బాపుది ఇంకోటి ఉన్నది. కొలిచి పో."

వెళ్లాను. ల్యాంపు రూము నుంచి వచ్చిన స్వరూప ఇంకా యూనిఫాంలోనే ఉంది. లక్ష్మి చిన్నమ్మ మంచం పక్కన కూర్చుని ఉన్నారు. హార్డుబోర్డు, ఎనామెల్. ఎత్తు అరవై ఒకటి, వెడల్పు నలభై ఆరు. బొమ్మంతా నలుపే. ఎక్కడా వెలుగు లేదు. కుడివైపు కింది మూలలో సంతకం లేదు.

అలవాటుగా గుమ్మం దగ్గరికి తీసుకెళ్లి వంచాను. కింద ఏమీ వేయలేదు, నునుపుగా ఉంది. మూల దగ్గర మాత్రం వేలికి ఉబ్బు తగిలింది. అక్షరాలు. ముందు రాసి, ఆరనిచ్చి, పైన నలుపు పూశారు.

"ఉన్నదా?" అంది స్వరూప.

"ఉంది."

"ఏం పేరు?"

ఆయన సొంత పేరే చెప్పాను. చిన్నమ్మ చెంగుతో మూతి తుడుచుకున్నారు.

ఫారం నింపాను. ఈసారి పద్నాలుగు గడులూ మొదటి నుంచి చివరి వరకు వాళ్లిద్దరికీ చదివి వినిపించాను. పేరు: తెలియదు. ఇతర పేర్లు: ఖాళీ. అక్కడ ఆగి స్వరూప ముఖం చూశాను. తల ఊపింది. కొలతలు చదివాను. సంతకం దగ్గరికి వచ్చాను. అక్కడ లేదని రాయలేదు.

"సంతకం: కనబడదు."

"మల్లొకసారి సదువు" అంది.

మళ్లీ చదివాను.